ఐదు మెట్లు పైన

కరోనా తగ్గి క్లాసులు మళ్లీ తెరిచిన ఏడాది జూన్‌లో విజయవాడలోని ఒక సంగీత పాఠశాలలో నేను గిటార్ అసిస్టెంటుని. సర్టిఫికెట్ ఉన్న సీనియర్ మాస్టారు పిల్లల్ని గ్రేడు పరీక్షలకు తయారుచేసేవారు. నలభై దాటాక చదవడం రాయడం నేర్చుకుని, ఏ సర్టిఫికెట్టూ లేని నాకు పెద్దవాళ్లను అప్పగించేవారు.

అలా వచ్చారు శామ్యూల్ గారు. కొండపల్లి దగ్గర థర్మల్ స్టేషన్లో ఫిట్టరుగా చేసి రిటైరయ్యారు. చర్చిలో ఏళ్ల తరబడి ఆయన గిటార్ వాయిస్తే భార్య సుగుణమ్మగారు పాడేవారు. పక్షవాతం వచ్చి ఆయన ఎడమచెయ్యి సగమే కోలుకుంది. ఆమెకేమో ఊపిరితిత్తుల జబ్బు, ముదిరిపోయింది.

“పెళ్లై నలభయ్యేళ్లండీ. ఇంట్లో కృతజ్ఞత ప్రార్థన కూడిక పెడుతున్నాం. ఒక్క పాటకి నా చెయ్యి లేస్తే చాలు మాస్టారూ. ఆవిడకి మాత్రం చెప్పకండి” అన్నారు.

ఆరు తీగలు ఆయన వల్ల కాదు. చిన్న గిటార్‌లా ఉండే నాలుగు తీగల యుకులేలీ ఇచ్చాను. గిటార్‌లో కింది నాలుగు తీగల మీద వేళ్లతో వేసే కార్డ్ పట్లే దీని మీదా పనికొస్తాయి. కాకపోతే శ్రుతి ఐదు మెట్లు, అంటే ఐదు అరస్వరాలు, పైకి పోతుంది. గిటార్‌ మీద జి పలికే పట్టు ఇక్కడ సి పలుకుతుంది. దానికి ఒక్క వేలు చాలు. పాటని అసలు శ్రుతి జి లోనే ఉంచాలంటే గిటార్‌ డి పట్టు వేయాలి, దానికి మూడు వేళ్లు కావాలి. నేను చేతిని చూసి సులువైనదే నేర్పాను. సుగుణమ్మగారి గొంతు ఆ మాత్రం ఎక్కుతుందిలే అనుకున్నాను. వాళ్ల చర్చిలో నేను ఆమె పాట విని అప్పటికి ఐదేళ్లు.

నెల రోజులు బస్సులో వచ్చి నేర్చుకున్నారు. కూడికకు నన్నూ పిలిచారు. ఆయన వాయించడం మొదలుపెట్టగానే ఆమె ముఖం వెలిగింది. మొదటి చరణం సగంలో గొంతు ఆగిపోయింది. కింది స్థాయికి దింపి పాడబోతే మాట వినపడలేదు. దగ్గు తగ్గాక నవ్వి, “నలభయ్యేళ్లు నా వెనకాలే వాయించి, ఇప్పుడు నన్ను చెట్టెక్కమంటున్నాడు చూడండి ఈయన” అన్నారు. అందరూ నవ్వారు. శామ్యూల్ గారు నవ్వలేదు.

తప్పు ఆయనది కాదు, నాది అని అక్కడే చెప్పాను. మర్నాడే వెళ్లి అసలు శ్రుతిలో పట్లు మార్చి రాసిచ్చాను. మూడు వేళ్లూ ఒక చోట నిలవడానికి ఆయనకు ఆరు వారాలు పట్టింది. సుగుణమ్మగారు నాలుగో వారంలో పోయారు.

సమాధి దగ్గర వాయించమని ఎవరో అడిగితే ఆయన వద్దన్నారు. నన్ను ఒక్క మాట అనలేదు.

ఆ తర్వాత ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ ఒక పద్ధతి పెట్టుకున్నాను. పట్లు మార్చమని ఎవరొచ్చినా, పాడే మనిషిని తీసుకొచ్చి ఎదురుగా పాడించమనేవాణ్ణి. వాయించే చెయ్యి ఆ తర్వాతే చూసేవాణ్ణి.