పాపిష్టి తోడికోడలి కచేరి

మా నాయన చీరలు నేసే మనిషి. పొదటూరుపేటలో మా మగ్గం ఉన్న గదిలోనే నేను గిటారు నేర్చుకున్నా. ఆవడిలో ఉద్యోగాలు చేసే ముగ్గురు పిల్లకాయలతో కలిసి రాక్ బ్యాండు పెట్టినప్పుడు, ఎవరన్నా అడిగితే ఆయన "పాప భజన గ్రూపులో ఉండాది" అని చెప్పేవాడు. ఎనిమిదేండ్లు అట్లే గడిచింది. మా పాటలు విన్నోళ్ల కంటే మా స్పీకర్లు మోసినోళ్లే ఎక్కువ.

ఒకసారి చెన్నైలో మా కచేరికి టీవీ సీరియల్ డైరెక్టర్ ఒకాయన వచ్చినాడు. పాట ఆయనకి నచ్చలేదు. పాట మధ్యలో నేను అరిచిన అరుపు నచ్చింది. "ఇంత కోపం ఉండే మొహం కోసమే వెతుకుతుండా" అని తోడికోడలు వేషం ఇచ్చినాడు. నా పని ఏమంటే, కడుపుతో ఉన్న చిన్నకోడలి రసంలో వారానికొకటి కలపడం. ఒక వారం పిడికెడు ఉప్పు, ఒక వారం మత్తుమందు, ఒక వారం బల్లి. బల్లి ప్లాస్టిక్‌దే.

మూడు నెలలకి జిల్లా అంతా నన్ను గుర్తుపట్టేసింది. పళ్ళిపట్టు నుంచి తిరుత్తణి పోయే బస్సులో, నా పక్కన కూర్చున్న ఒకామె నా మొహం చూసి, టిఫిన్ క్యారియర్ ఒళ్లోకి లాక్కుని మూత గట్టిగా నొక్కింది.

"కడుపుతో ఉండే పిల్లకి అట్లా చేసేదానికి నీకు మనసెట్లా వచ్చిందమ్మా?" అనింది.

"అది నటన అక్కా."

"నటనే అనుకో. రెండో తూరి కలపకుండా ఉండొచ్చు కదా?"

తిరుత్తణి వచ్చేదాకా ఆమె ఆ మూత మీద నుంచి చెయ్యి తీయలేదు.

నాయన మాత్రం భజన మాట మానేసినాడు. "సీరియల్లో రసం పాడుచేసేది మా పాపే" అని అంగట్లో అందరికీ చెప్పుకున్నాడు.

అప్పుడే తిరువళ్లూరు కల్యాణ మండపంలో మా కచేరి పెట్టినారు. పోస్టరు మీద నా సీరియల్ ఫోటో వేసేసినారు. తెర తీసేసరికి ముందు మూడు వరసల్లో పట్టుచీరలు.

"అక్కా, వీళ్లు పాట వినేదానికి వచ్చినట్టు లేదే" అన్నాడు మా డ్రమ్మర్.

మొదటి పాటకి అందరూ చెవులు మూసుకున్నారు. పాట అయిపోగానే ఒక అవ్వ లేచి నిలబడింది. "పాటలు తర్వాత పాడుదువులే. ముందు ఆ బిడ్డని క్షమించమని మన్నిప్పు అడుగు!" మండపమంతా చప్పట్లు.

నాకు ఒళ్లు మండింది. ఎనిమిదేండ్లకి హాలు నిండితే, నిండింది నా పాట కోసం కాదు. మైకు పట్టుకుని, మా దగ్గరుండే పాటల్లో అన్నిటికన్నా కోపమైన పాట ఎత్తుకున్నా. మేము సాధన చేసే గదికి నీళ్లు నిలిపేసిన ఇంటి ఓనర్ మీద రాసిన పాట అది. "తెరువు! తెరువు!" అని నరాలు తెగేట్టు అరవడమే అందులో సాహిత్యం. తెరవమన్నది కుళాయిని.

రెండో చరణానికి ముందు వరసలో కొంగులు కళ్లకి పోయినాయి. "పాపం, మనసు తెరిచి ఏడుస్తుండాది" అని ఒకరికొకరు చెప్పుకుంటుండారు. నేను ఇంకా గట్టిగా అరిచినా. వాళ్లు ఇంకా గట్టిగా ఏడ్చినారు. పాట ముగిసినాక అవ్వ స్టేజీ ఎక్కి నా నుదుట విభూతి పెట్టింది. "పొయ్యింది నీ పాపం. ఇంక ఆ బిడ్డ జోలికి పోవద్దు. ఊఁ, ఇంకొకటి పాడు" అనింది. ఆపొద్దు పదకొండు పాటలు పాడినాం. ఒక్కరూ లేచిపోలేదు.

ఈ సంగతి డైరెక్టర్‌కి చెప్తే నవ్వి, సీరియల్లో కూడా నా చేత పశ్చాత్తాపం చేయించినాడు. మంచిదాన్ని అయినాక నాకు అక్కడ పని లేకుండా పోయింది. కథలో నా తోడికోడల్ని కాశీకి పంపించేసినారు.

బాధేం లేదు. ఇప్పుడు నెలకి రెండు మూడు కచేరీలు వస్తుండాయి. ముందు వరసల్లో ఆడోళ్లు, వెనక కాలేజీ పిల్లకాయలు. మా డ్రమ్మర్‌కి మాత్రం ఇంకా దిగులే, తన వాయింపుకి ఇంతవరకూ ఒక్కరూ ఏడవలేదని.