నిమ్మళం నెల

దగ్గరికొచ్చి కూర్చోండమ్మా, చెబుతాను. ఓసారి వండూర్ బస్సులో నా పక్కన ఒక పెద్దావిడ కూర్చుంది. ఆవిడకి చైత్రం, జనవరి ఏవీ లేవట. బెంగ నెల, కోపం నెల, నిమ్మళం నెల, అంతే. మనసు మారితేనే నెల మారినట్టు.

"నీకిప్పుడు ఏ నెల, బేటీ?" అంది.

"కోపం నెల, దీదీ. మా అక్కతో మాటల్లేవు."

"ఎన్నాళ్లయింది?"

"మూడేళ్లు."

ఆవిడ పకపకా నవ్వింది. "అంత పొడుగు నెల నేనెక్కడా చూళ్లేదే. దాన్ని ఎవరు మార్చాలి, కండక్టరా?"

నాకూ నవ్వొచ్చింది. డెలానీపూర్ వెళ్లాల్సినదాన్ని, ముందే వచ్చే డైరీ ఫార్మ్ స్టాపులో, అక్క ఉండే పేటలోనే దిగిపోయాను. అక్క తలుపు తీసి, నన్ను చూసి, "కాళ్లు కడుక్కో, పులుసు చల్లారిపోతోంది" అంది.

మీ ఇంట కోపం నెల ఒక్క పూటలో గడిచిపోవాలి తల్లీ, నిమ్మళం నెల ఏళ్ల తరబడి సాగాలి.