ఒక్క ఇల్లూ తప్పని అర్జీ

మార్కాపురంలో కొత్త జిల్లా ఆఫీసు ముందు బస్సు దిగగానే పెయింటు వాసన ముక్కుకు తగిలింది. బోర్డు మీద నీలం అక్షరాలు ఇంకా ఆరలేదు. యాభై దాటాక అక్షరాలు దిద్దుకున్నదాన్ని, గబగబా చదవలేను. ఒక్కొక్కటీ కూడబలుక్కుంటూ జిల్లా పేరు చివరిదాకా చదివి ఎండలో అట్లాగే నిలబడిపోయాను. పక్కన టపాకాయలు కాలుస్తున్నారు. ఒకాయన నా చేతిలో లడ్డు పెట్టి, "ఇంక ఒంగోలు పోయే పని తప్పింది పెద్దమ్మా, తిను" అన్నాడు. తినలేకపోయాను.

మాది పెద్దారవీడు దాటాక నల్లమల కొండ కింద పల్లె. అందరం కూలికి పోయేవాళ్ళమే, ఆదివారం గుడికి పోయేవాళ్ళమే. వేరుశనగ పీకే రోజుల్లో పచ్చి చెట్లతో సహా కాయలు మంటలో వేసి కాల్చుకుంటే వచ్చే పొగ వాసన, వానకు తడిసిన ఎర్రమట్టి వాసన, క్రిస్మస్ ముందు ఇంటింటా బెల్లం పాకం ఉడికే వాసన, కొర్రన్నంలో గోంగూర కలిపి మా అవ్వ పెట్టే ముద్దలు, ఇవన్నీ తలచుకుంటే నోరూరుతుంది గానీ, మా బావి నీళ్ళు గుర్తొస్తే ఆ రుచులన్నీ చేదవుతాయి. ఆ నీళ్ళలో కందిపప్పు ఎంతసేపు పెట్టినా ఉడికేది కాదు. మా పిల్లలందరి పళ్ళకూ పసుపు గార ఉండేది. పళ్ళంటే అట్లాగే ఉంటాయనుకునేవాళ్ళం.

పలకల గనుల్లో పని చేసేవాళ్ళు పారేసిన నల్లరాతి ముక్కలు తెచ్చిస్తే, వాటితో తొక్కుడుబిళ్ళ ఆడేవాళ్ళం. అందులో మా అక్క మరియమ్మను మించినవాళ్ళు లేరు. ఒంటికాలి మీద గడులన్నీ దాటి, కొంగలాగా నిలబడి, మమ్మల్ని చూసి నాలుక బయటపెట్టేది. ఒక వానాకాలం మూడో గడిలోనే పడిపోయింది. మేం నవ్వాం, అదీ నవ్వింది. మళ్ళీ వానలు పడేసరికి దాని మోకాళ్ళు ఒకదానికొకటి రాసుకోవడం మొదలుపెట్టాయి. అవ్వ వాతమని ఆముదం కాచి రుద్దేది.

అప్పుడు మాకు జిల్లా కర్నూలు. అక్కడినుంచి క్యాంపుకు వచ్చిన ఒక అధికారి గుడి ముందు కుర్చీలో కూర్చుని, అక్కను దగ్గరికి పిలిచి, పళ్ళు చూసి, మోకాళ్ళు తడిమి చూశాడు. ఈ బావి నీళ్ళే ఎముకల్ని తినేస్తున్నాయనీ, ఎముకలు ముదరకముందే నీళ్ళు మార్చితే పిల్ల నిలబడుతుందనీ, లేకపోతే జీవితాంతం వంగిపోతుందనీ చెప్పాడు. కొండవాగు పైన, అడవి లోపల ఎప్పుడూ ఎండని మడుగు నుంచి పల్లెకు గొట్టం వేయిస్తానన్నాడు. "అర్జీ రాసుకుని ఈ నెలలోనే కర్నూలుకు తెచ్చి నా చేతికివ్వండి" అని జీపెక్కాడు.

మా పల్లెలో ఒక కట్టుబాటు ఉండేది. ఏ కాగితమైనా ప్రతి ఇంటి వేలిముద్రా పడ్డాకే కదలాలి. ఒక్క ఇల్లు వదిలేసినా ఆ ఇంటిని వెలివేసినట్టే. అర్జీ ఆ వారమే పాస్టరు తాత రాశాడు. కానీ పల్లెలో సగం ఇళ్ళకు తాళాలు. అందరూ వరికోతలకు తూర్పు జిల్లాలకు పోయి ఉన్నారు.

"వాళ్ళు వచ్చేదాకా పిల్ల కాళ్ళు ఆగుతాయా?" అంది అమ్మ.

"తూర్పుకు పోయినోళ్ళను వదిలేస్తే రేపు వాళ్ళ మొహం ఎట్ల చూసేదే? రానీ" అన్నాడు నాయన.

సంక్రాంతి దాటాక, వడ్ల మూటలతో వాళ్ళు దిగారు. అక్కడ కాలవల్లో బాతులు ఈదుతాయంట, నీళ్ళు రోడ్డు మీదికి పొర్లుతాయంట అని చెబుతుంటే మేం నోళ్ళు తెరుచుకుని విన్నాం. దీపం మసి ఆముదంలో కలిపి ఇంటింటికీ తిప్పి వేలిముద్రలు వేయించారు. నాయనా, పాస్టరు తాతా కంభంలో రైలెక్కి నంద్యాలలో దిగి, అక్కడినుంచి బస్సులో కర్నూలు పోయారు. మూడోరోజు అదే కాగితం పట్టుకుని తిరిగొచ్చారు.

"మనం కర్నూలోళ్ళం కాదంట మా. ఒంగోలోళ్ళమంట. కొత్త జిల్లా అయిందంట. ఆ సారుకు ఇంక మనతో పనిలేదంట" అన్నాడు నాయన అవ్వతో.

"మనల్ని అడక్కుండా ఎట్ల మారుస్తార్రా?"

"మనల్నెవురు అడుగుతారు!"

ఒంగోలు పోతే మీ ఫైలు కర్నూలు నుంచి రాలేదన్నారు. మళ్ళీ కర్నూలు పోతే పంపించామన్నారు. ఈలోగా ఎన్నికలొచ్చాయి. మా పడమటి నాయకుడు జీపు మీద మైకు పెట్టుకుని, నీళ్ళన్నీ ఒంగోలు వైపు తూర్పువాళ్ళే తాగుతున్నారని అరిచాడు. నాయన ఆయన జెండా మోశాడు. ఆయన అక్కను జీపెక్కించి నిలబెట్టి, లంగా మోకాళ్ళ పైదాకా ఎత్తి, "చూడండి ఈ బిడ్డ కాళ్ళు!" అన్నాడు. జనం అయ్యో అన్నారు. అక్క రెండు చేతులతో మొహం కప్పుకుంది. నాయన కింద నిలబడి జెండా ఊపుతూనే ఉన్నాడు; ఈసారి పని అవుతుందని నమ్మాడు.

ఆయన గెలిచాడు. ఒంగోలులో ఇల్లు కట్టుకున్నాడు. నాయన అర్జీ పట్టుకుని ఆ ఇంటికి పోతే, "పైనుండేది అంతా తూర్పోళ్ళు, నా చేతిలో ఏముంది" అన్నాడట. తూర్పు నాయకుణ్ణి అడిగితే, మీ పడమటోళ్ళు మాకు ఓటేశారా అన్నాడట. నాయన ఆ తర్వాత ఏ ఊరేగింపుకూ పోలేదు. అక్క ముందు కూర్చుని అన్నం తినడం కూడా మానేశాడు.

అక్క కోసం రోజూ వాగునుంచి బిందె మోసింది నేను. రానూ పోనూ నాలుగు మైళ్ళు. బడి గంట కొట్టేటప్పటికి వాగులోనే ఉండేదాన్ని. మాఘం దాటితే వాగు ఎండేది. ఇసుక తవ్వినా చెమ్మ కూడా తగిలేది కాదు. అప్పుడు మళ్ళీ బావి నీళ్ళే. "చల్లగున్నాయే" అని అక్క తాగేది. గ్లాసు అందించినవి నా చేతులే. అక్కకు ఇరవై నిండకముందే నడక పోయింది. నడుం వంగి, మెడ బిగుసుకుని, కూర్చున్నచోటే పెద్దదైంది.

ఇప్పుడు ఆ వాగు లేదు, పలకల గనుల రాతిపొడి గుట్టల కింద కప్పబడిపోయింది. బావిని పూడ్చేశారు. ఆటోలో నీళ్ళ డబ్బాలొస్తాయి, కొనగలిగినవాళ్ళు కొంటారు. తొక్కుడుబిళ్ళ ఆడేవాళ్ళు కనబడరు. ప్రతి ఇంటి వేలిముద్ర కోసం కాగితం ఆపే కట్టుబాటు నాయన తరంతోనే పోయింది.

పోయిన ఎండాకాలం అక్క చనిపోయింది. పెట్టె చేసే ఆయన మనిషి పొడుగెంత అని ఫోనులో అడిగాడు. మోకాళ్ళు చాపడానికి రావు నాయనా, పొడుగు తగ్గించి ఎత్తు పెంచు అన్నాను. గొయ్యి తవ్వేవాళ్ళు పెట్టెను చూసి, మనిషికి తవ్వేంత అక్కర్లేదులే అనుకున్నారు. అరవై దాటిన మా అక్కను చిన్నపిల్ల గోతిలో పెట్టి వచ్చాం.