తాళం వేసిన ఇంటికి పంపిన నోటీసు

మా గుమాస్తా గారు పోయారన్న సంగతి నాకు నాలుగు రోజులు ఆలస్యంగా తెలిసింది. కోర్టు వరండాలో నా కేసు పిలుపు కోసం నిలబడి ఉండగా వాళ్ళమ్మాయి ఫోన్ చేసింది. "నాయన పుస్తకంలో మీ పాత నంబరే ఉండాదన్నా. వాళ్ళనీ వీళ్ళనీ అడిగి ఇప్పటికి పట్టుకున్నాం" అంది. నంబరు మార్చి ఏడాదైంది. ఆయనకు చెప్పాలని కూడా నాకు తోచలేదు. అప్పటి నుంచి కాలు ఒకచోట నిలవడం లేదు. ఇది రాస్తూ కూడా మూడుసార్లు లేచాను.

మా సీనియర్ లాయరు గారి ఆఫీసులో ఆయన ముప్పై ఏళ్ళు పనిచేశారు. పాత బెంగళూరు తెలుగువారు. కోర్టు నోటీసులు అవతలివాళ్ళకు అందేలా చూడడం ఆయన పని. కవరు అంటించే ముందు చిరునామా పైకి చదివేవారు. కక్షిదారుణ్ణి అడిగే ప్రశ్న ఎప్పుడూ ఒకటే. "ఇప్పుడా ఇంట్లో దీపం పెట్టేది ఎవరప్పా?" జవాబు తడబడితే కవరు పక్కన పెట్టేసేవారు. పోస్టు రసీదులు చొక్కా జేబులో పెట్టుకుని, అవి ఫైల్లోకి ఎక్కేదాకా భోజనానికి లేచేవారు కాదు. మాకదంతా చాదస్తంగా కనిపించేది. వెనక నవ్వుకునేవాళ్ళం.

నేను చేరిన రెండో ఏడు ఒక అప్పీలు వచ్చింది. భార్యకూ బిడ్డకూ నెలనెలా మనోవర్తి ఇవ్వమని కింది కోర్టు చెప్పింది. దాన్ని ఆపించాలని భర్త మా దగ్గరికొచ్చాడు. భార్య చిరునామా కింద బెళ్ళందూరులో వాళ్ళిద్దరూ ఒకప్పుడు కాపురమున్న ఫ్లాటు రాయించాడు. వెళ్ళిన నోటీసు "తలుపు తాళం" అన్న రాతతో తిరిగొచ్చింది. ఇంకోసారి పంపినా అంతే. ఇక పేపర్లో ప్రకటన వేయిస్తే ఆమెకు తెలిసినట్టే లెక్క. ఆమె రాకపోయినా వాదనలు జరుగుతాయి, మనోవర్తి ఆగిపోతుంది. ఆ ప్రకటనకు అనుమతి కోరే దరఖాస్తు నేనే తయారుచేశాను.

గుమాస్తా గారు దాన్ని చదివి, కింది కోర్టు కాగితాలు తెచ్చి నా ముందు తెరిచారు. ఆమె అఫిడవిట్‌లో వేరే చిరునామా ఉంది, హూడి పేటలోది.

"ఇది చూడలేదా అప్పా?"

"చూడలేదండీ" అన్నాను.

"సరే, చూడలేదంటే చూడలేదు" అని ఫైలు పట్టుకుని సీనియర్ గదిలోకి వెళ్ళారు. ఆయన బయటికి వచ్చేసరికి నా దరఖాస్తు చిత్తు కాగితాల్లో చేరింది. నోటీసు చేత్తో అందించడానికి కోర్టు అనుమతి వచ్చాక నన్నూ వెంట రమ్మన్నారు. కక్షిదారు ఫోన్లో నా మీద మండిపడ్డాడు.

హూడిలో టైలరింగ్ షాపు పైన ఒక గది. ఆమె తలుపు తీసి, కవరు చూసి చేతులు వెనక్కి లాక్కుంది.

"మీరు ఆయన తరఫు మనుషులే కదా?"

"అవునమ్మా, ఆ పక్కే. అందుకే చెప్తాండా, తేదీ మరిచిపోవద్దు. మీరు రాకపోతే మేం చెప్పిందే నిజమైపోతాది" అన్నారాయన. కోర్టు హాలు నంబరు, ఏ గేటులోంచి రావాలో కవరు వెనక పెన్సిలుతో రాసిచ్చారు. ఆమె సంతకం పెట్టేదాకా నేను మెట్ల మీద కిందికీ పైకీ తిరుగుతూనే ఉన్నాను.

తిరుగు బస్సులో ఒక్క మాటే అన్నారు. "మనం ఓడిపోవచ్చప్పా. ఆయమ్మకు తెలీకుండా మాత్రం గెలవకూడదు."

ఇన్నేళ్ళకు చెప్పేస్తున్నాను. హూడి చిరునామా నేను చూశాను. దరఖాస్తు టైపు చేయకముందే చూశాను. "అది వదిలేయండి సార్" అని కక్షిదారు అంటే వదిలేశాను. గుమాస్తా గారికది తెలుసని నా అనుమానం. ఎన్నడూ ఎత్తలేదు. గట్టిగా తిట్టి ఉంటే ఈపాటికి మరిచిపోయేవాణ్ణేమో. ఇవాళ నా జూనియర్లు అంటించిన కవర్లు మళ్ళీ తెరిపించి చిరునామా చదివిస్తాను. వాళ్ళూ నా వెనక నవ్వుకుంటారు. ఆ మాత్రం మనిషినయ్యానంటే ఆయన వల్లే. ఆ మాట ఆయనతో అనలేదని బాధగా ఉంది.

ఆ అప్పీలు వాయిదా రోజు కేసు పిలిచారు. ఎదుటి పక్షం ఎవరని జడ్జిగారు అడిగారు. వెనక బెంచీలోంచి ఆమె చంకలో పాపతో లేచింది. బళ్ళో హాజరు పలికినట్టు చేయెత్తి, "నేనేనండీ, వచ్చాను" అని కన్నడంలో అంది. ఆ రోజు మనోవర్తి ఆగలేదు. హాల్లో అందరూ ఆమె వైపు తిరిగి చూస్తున్నారు. తలుపు దగ్గర నిలబడిన గుమాస్తా గారు మాత్రం నన్నే చూస్తున్నారు.