ఈల మింగేసిన కేక

కంచు పిన్ని నోరు విప్పితే వీధి చివరి కుక్క కూడా తోక ముడిచేది. ఆ గొంతు ఒకప్పుడు ఫోన్లో ఆడుకునే ఆటలో ఉండేది. ఉండేదని ఆమె చెప్పుకోవడమే గాని, నమ్మినవాళ్ళు లేరు.

పిన్ని తడిగుడ్డ పెట్టే ఆఫీసులో నలుగురు కుర్రాళ్ళు కలిసి ఆన్‌లైన్ పరుగుపందెం ఆట తయారుచేశారు. వాళ్ళ కుర్చీల కింద తుడవబోతూ పిన్ని రోజూ ఒకటే కేక వేసేది: "కాళ్ళెత్తవయ్యా, దున్నపోతా!" కుర్రాళ్ళు ఆ కేకను పట్టి ఆటలో పెట్టారు. ఆట తెరిచినా అదే, పరిగెత్తేవాడికి రాయి అడ్డమొచ్చినా అదే. తర్వాత ఆటను కొనుక్కున్న పెద్దమనిషి కేక తీసేసి ఈల పెట్టాడు. కుర్రాళ్ళు తలో దిక్కూ పోయారు. మొదటి ఆట వాళ్ళ దగ్గరా లేదట. చేతులారా చేసింది దాచుకోవడం నేర్పని చదువు ఏం చదువో!

"నీ గొంతు లోకమంతా విన్నదా వదినా? మా వీధికి వినబడేదే ఎక్కువ," అని ఆడపడుచు నలుగురిలో నవ్వింది.

అబద్ధాలకోరు అనిపించుకున్నాక పిన్నికి ముద్ద దిగలేదు. కనబడ్డ ప్రతివాడి ఫోనూ తెరిపించింది. పళ్ళ డాక్టరు పన్ను పీకబోతుంటే, "ముందు నీ ఫోను చూపించు, తర్వాత నా నోరు చూద్దువు," అంది. ఎక్కడ చూసినా ఈలే.

చివరికి ఇస్త్రీ అతను దొరికాడు. పాత ఆట తీసి కొత్తది వేయనా అని ఫోను ఎన్నిసార్లు అడిగినా అతను వద్దనే నొక్కేవాడు.

"అడిగిందల్లా ఇస్తే నెత్తికెక్కుతుంది పిన్నీ," అన్నాడు.

ఆట తెరిస్తే లోపలికి రానివ్వలేదు. కొత్తది వేసుకుంటేనే ఆడనిస్తానంది. కానీ ఆ మాట కంటే ముందే కేక వినబడింది. పిన్ని ఫోనుతోపాటు అతన్నీ లాక్కుని బయలుదేరింది.

"అవతల చొక్కా కాలుతుంది పిన్నీ!"

"పెట్టె దించి రావయ్యా!"

ఆడపడుచు కుర్చీలో కూర్చుని ఇరుగుపొరుగు వాళ్ళతో కబుర్లాడుతోంది. "ఏదీ, వినిపించు నీ గానం," అంది. ఇస్త్రీ అతను ఆట తెరిచాడు.

"కాళ్ళెత్తవయ్యా, దున్నపోతా!"

ఆడపడుచు కాళ్ళు రెండూ గాల్లోకి లేచాయి. అన్నగారింట్లో పిన్ని తడిగుడ్డ పెట్టినప్పుడల్లా ఆ కేకకు లేచిన కాళ్ళాయె, ఇప్పుడు మాత్రం ఊరుకుంటాయా? చూసినవాళ్ళు పొట్ట పట్టుకుని నవ్వారు.

"ఎవరి గొంతో ఏమో! ఇంకోసారి విననీ," అంటూ ఆడపడుచు ఫోను లాక్కుని కనబడ్డదల్లా నొక్కింది. పాతది పోయి కొత్త ఆట దిగిపోయింది. ఫోను ఈల వేసింది. ఇస్త్రీ అతను నెత్తి బాదుకున్నాడు.

పిన్ని మాత్రం కేక వేయలేదు.

"పోనీలే అమ్మా. ముందు ఆ కాళ్ళు దించుకో, పడతావు," అంది.