రిటైర్మెంటుకు ముందొచ్చిన జబ్బు

మా ఆయన ఆళ్లగడ్డలో ఒక ప్రభుత్వ ఆఫీసులో అటెండరు. రిటైర్మెంటు దగ్గర పడ్డాక గుండెనొప్పి వస్తే నంద్యాల ఆసుపత్రిలో చేర్చాం. చూడ్డానికొచ్చిన చుట్టాలు బత్తాయిలు మంచం మీద పెట్టి, ఎట్లున్నాడని కాదు, సర్వీసు ఇంకా ఎంతుందని అడిగేవాళ్లు. సర్వీసులో ఉండగా పోతే ఇంట్లో ఒకరికి ఉద్యోగమిస్తారు. రిటైరయ్యాక పోతే ఏమీ లేదు. మా కొడుక్కి పెళ్లయి పిల్లలు పుట్టినా పని లేదు.

"మెల్లగా మాట్లాడండప్పా, వింటాండాడు" అన్నాను.

"విననీలే వదినా, ఆయనకు తెలీని రూలా?" అన్నాడు మా మరిది.

వారానికి డాక్టరు ఇంటికి పంపించాడు. నాకప్పటికి అక్షరాలు రావు, కాగితం కొడుకే చదివాడు. "ప్రాణానికేం భయం లేదంట" అని చెప్పి గోడకానుకుని కూలబడ్డాడు. కోడలు సంచి సర్దుతూ ఏడ్చింది. అది సంతోషంతో వచ్చిన ఏడుపు కాదు.

మా ఆయనే నవ్వించబోయాడు. "ఏమప్పా, నీ ఉద్యోగం చెడగొట్టినానా?"

కొడుకు తలెత్తలేదు. "ఇంగా రెండు నెలలుండాయిలే నాయనా" అన్నాడు.

ఆ రెండు నెలలూ మా ఆయన నా చేత్తో వండింది తప్ప ఏదీ ముట్టలేదు.