చిక్గు రుగయ్యా చెప్పని అర్థం

మలేసియాలోని రేవు ఊరు తుంపాట్‌లో బిడ్డకు పేరు పెట్టడం సులువే. ఆ పేరు చిక్గు రుగయ్యా చెవిన పడకుండా దాచడమే కష్టం. ముప్పై ఏళ్లు బడిలో అరబ్బీ చెప్పి రిటైరైన ఆ చిక్గుకు, అంటే టీచరమ్మకు, ఏ పేరు విన్నా ఒకటే ప్రశ్న: "ఏ ధాతువు?" పన్ను పీకించుకుంటూ, పట్టకారు నోట్లో ఉండగానే డాక్టరమ్మ పేరు విని "ఏ హాహువు?" అని అడిగిన మనిషి.

ఆవిడనూ, ఆవిడ మూడు నిఘంటువులనూ పేర్ల వేడుకలకు చేరవేసేది కస్లాన్ వ్యాను. అతను తెల్లవారకముందే రేవులో చేపలు మోస్తాడు, ఆనక బడిపిల్లల్ని దింపుతాడు, మధ్యాహ్నం కొట్లకు మంచుగడ్డలు వేస్తాడు. మిగిలిన టైము చిక్గుది.

ఒకసారి కాఫీకొట్టు రుస్లీ వ్యానుకు అడ్డం వచ్చాడు.

"చిక్గూ, మావాడికి హిమార్ అని పెడుతున్నా. ఎలా ఉంది?"

"గాడిద!"

"తిట్టకండి చిక్గూ, పిల్లలు గలవాణ్ణి."

"నిన్ను కాదురా! ఆ మాటకు అర్థమే అది."

కస్లాన్ పడీపడీ నవ్వి, ఎప్పటిలాగే అడిగాడు: "మరి నా పేరుకో?"

"నీది పరిశోధనలో ఉంది. రోడ్డు చూడు."

పదిహేనేళ్లుగా అదే జవాబు. తన పేరు మూడు నిఘంటువులకూ అందనంత లోతైనదని కస్లాన్ గట్టి నమ్మకం. పెళ్లిచూపుల్లో సల్వాకు చెప్పుకున్న గొప్ప కూడా అదొక్కటే.

పెళ్లైన తొమ్మిదేళ్లకు వాళ్లకు ఆడపిల్ల పుట్టింది. కస్లాన్ తెచ్చిన పదకొండు పేర్లనూ చిక్గు కొట్టిపారేసి, నషీతా అని పెట్టించింది. ఏడో రోజు వేడుకకు ఊరంతా చాపల మీద కూర్చుంది. మేకకూర వడ్డించబోతుండగా, కైరోలో చదివి వచ్చిన సల్వా పినతల్లి కొడుకు ఫర్హాన్ గోడమీద పాప పేరు రాసి అంటించిన కాగితం పైకి చదివాడు.

"కస్లాన్ కూతురు నషీతా... అక్కా, బావ పేరుకు అర్థం తెలుసా? సోమరిపోతు! పాప సోమరిపోతు కూతురు!"

చాపలన్నీ గొల్లుమన్నాయి. కస్లాన్ చేతిలో గరిటెతోనే చిక్గు వైపు తిరిగాడు. సల్వా పాపను గుండెకు హత్తుకుంది.

"నిజమేనా చిక్గూ?" అన్నాడు కస్లాన్.

ఆవిడ మొదటిసారి తల దించుకుంది. "నిజమేరా." ఆ వెంటనే లేచి నిలబడింది. "ఫర్హాన్, నీ అరబ్బీ సరైనదే. ఇప్పుడు నా పరిశోధన విను. వరదలో మీ అమ్మను నడుంలోతు నీళ్లలో ఆస్పత్రికి మోసిందెవరు?"

"కస్లానే," అంది ఫర్హాన్ తల్లి, కొడుకు చెవి పట్టుకుని.

"రుస్లీ, గాలివానకు నీ కొట్టు కప్పు ఎగిరిపోతే?"

"కస్లానే! రెండుసార్లు!"

"మసీదు బావి పూడిక తీసింది?"

"కస్లాన్!" ఈసారి ఇల్లంతా ఒక్క గొంతుతో అరిచింది.

"ఈ ఊళ్లో ఆ మాటకు అర్థం అదీ! పదిహేనేళ్ల కిందట అసలు అర్థం చెబుదామని నిఘంటువు పట్టుకుని వీడింటికి వెళ్లాను. వీడు ఎవరో ముసలమ్మది బియ్యంబస్తా మోసుకుంటూ ఎదురొచ్చాడు. ఇదేదో అచ్చుతప్పు అయ్యుంటుందని వెనక్కి వచ్చేశాను."

నిఘంటువును చిక్గు అనుమానించడం ఊరు అదే మొదటిసారి వినడం.

"నషీతా అంటే చురుకైనది. తండ్రికి రావలసిన పేరు. ఒక తరం ఆలస్యంగా వచ్చింది, అంతే. ఇక వడ్డించండి!"

ఆ రోజు మొదటి పళ్లెం కస్లాన్ ముందు పెట్టింది ఫర్హానే. బావ తిన్నంతసేపూ పక్కనే నిలబడి విసనకర్రతో విసిరాడు కూడా.

మర్నాడు పదైనా కస్లాన్ లేవలేదు. పాప అతని రొమ్ము మీద బోర్లా పడుకుని ఉంది.

"ఏవండీ, చిక్గు వాకిట్లో ఉన్నారు. వ్యాను కావాలట."

కస్లాన్ కళ్లు తెరవకుండానే అన్నాడు: "ఈ ఒక్కరోజూ పేరు సార్థకం చేసుకుంటున్నానని చెప్పు."

వాకిట్లో చిక్గు నవ్వు వినబడకుండా నోటికి తలముసుగు కొస అడ్డం పెట్టుకుని, చప్పుడు కాకుండా చెప్పులు తొడుక్కుని, బస్సెక్కడానికి వెళ్లిపోయింది.